ఐసీయూ సిస్టర్ ట్రైనింగ్ ఖర్చు: మేనేజ్‌మెంట్‌కి ఏ లెక్క చూపించాలి?

ఖమ్మం ఇన్‌ఛార్జ్ సిస్టర్:
అందరికీ నమస్కారం. 120 పడకల ఆస్పత్రిలో ఐసీయూ ఇన్‌ఛార్జ్‌గా చేస్తున్నాను. పోయిన ఏడాది ఐదుగురు మానేశారు. ఇద్దరు గల్ఫ్, ఒకమ్మాయి జర్మన్ క్లాసులకి, మిగతా ఇద్దరు హైదరాబాద్ కార్పొరేట్‌కి. ఇప్పుడు ఎండీ గారు రెండేళ్ల బాండ్ రాయించుకోమంటున్నారు. మధ్యలో వెళ్తే లక్ష కట్టాలట, ఒరిజినల్ సర్టిఫికెట్లు మన దగ్గరే ఉంచుకోవాలట. "ట్రైనింగ్‌కి మనకయ్యే ఖర్చెంత, కాగితం మీద చూపించు" అన్నారు.

నాకు తెలిసిన ఖర్చు బిల్లుల్లో కనపడేది కాదు. బీఎస్సీ పాసైన పిల్లకి వెంటిలేటర్ గురించి పుస్తకంలో అంతా తెలుసు. కానీ హై ప్రెషర్ అలారం మోగినప్పుడు పేషెంట్ ట్యూబ్ కొరుకుతున్నాడా, కఫం అడ్డుపడిందా, ఊపిరితిత్తి చుట్టూ గాలి చేరిందా అన్నది మంచం పక్కన నిలబడి నేర్చుకోవాల్సిందే. బీపీ నిలబెట్టే మందు నోరాడ్ సిరంజ్ మార్చేటప్పుడు బీపీ పడిపోకుండా చూసుకోవడమూ అంతే. అది నేర్పేది నా సీనియర్లే, తమ పేషెంట్లని చూసుకుంటూనే. దీన్ని రూపాయల్లో ఎలా రాయాలి?

విశాఖ నర్సింగ్ ట్యూటర్:
సిస్టర్, జీతాల నుంచి మొదలుపెట్టండి. కొత్తమ్మాయికి 18,000 అనుకుందాం. మూడు నెలలు తనకి సొంతంగా పేషెంట్‌ని ఇవ్వలేరు కాబట్టి 54,000. సీనియర్ జీతం 30,000 అయితే, ఆ మూడు నెలల్లో సగం సమయం నేర్పడానికే పోతుంది, అది 45,000. గుండె ఆగినప్పుడు ప్రాణం కాపాడటం నేర్పే బీఎల్ఎస్, ఏసీఎల్ఎస్ కోర్సుల ఫీజులు కలపకుండానే 99,000. ఐదుగురంటే దాదాపు ఐదు లక్షలు.

ఇప్పుడు అనుభవం ఉన్న ఎనిమిది మందికి నెలకి 4,000 పెంచితే ఏడాదికి 3,84,000. ఈ రెండు అంకెలూ పక్కపక్కన రాసి ఇవ్వండి. పెంచినా వెళ్లేవాళ్లు ఉంటారు, అది కూడా ఎండీ గారికి ముందే చెప్పండి.

హైకోర్టు అడ్వకేట్:
మేడమ్, బాండ్ రాయించుకోవడమే తప్పని కాదు. 2025లో ఒక ప్రభుత్వ బ్యాంకు కేసులో రెండు లక్షల బాండ్‌ని సుప్రీంకోర్టు సమర్థించింది. అయితే కాంట్రాక్ట్ చట్టం సెక్షన్ 74 ప్రకారం బాండ్‌లో రాసిన మొత్తం గరిష్ఠ పరిమితి మాత్రమే, కోర్టు న్యాయమనుకున్నంతే ఇప్పిస్తుంది. ట్రైనింగే ఇవ్వకుండా లక్ష అడిగితే నిలబడటం కష్టం. ఒరిజినల్స్ జోలికి మాత్రం వెళ్లొద్దని గట్టిగా చెప్పండి. ఆ పిల్ల చదువు ఆమె ఆస్తి.

ఇంకోటి. సుప్రీంకోర్టు ఆదేశాల మీద 2016లో కేంద్రం వేసిన కమిటీ, 100 పడకలు దాటిన ప్రైవేటు ఆస్పత్రుల్లో నర్సు జీతం ప్రభుత్వ జీతం కన్నా 10 శాతానికి మించి తగ్గకూడదని సిఫార్సు చేసింది. మీది 120 పడకలు. అదీ జతచేయండి.

గుంటూరు అమ్మాయి, ఇప్పుడు ఇంగ్లండ్‌లోని లీడ్స్‌లో:
అక్కా, వెళ్లిపోయినవాళ్ల వైపు నుంచి చెప్తాను. నేను అక్కడ మానేసింది ఒక్క జీతం కోసమే కాదు. చేరిన రెండో వారంలోనే నైట్ డ్యూటీలో ముగ్గురు వెంటిలేటర్ పేషెంట్లని నా ఒక్కదానికే అప్పగించారు. భయంతో ఏడ్చాను. పేషెంట్‌కి ఏమైనా అయితే ఎవరిది బాధ్యత?

ఇక్కడ ఐసీయూకి కొత్తగా వచ్చిన నర్సుని కనీసం ఆరు వారాలు డ్యూటీ లెక్కలో కలపకూడదని ప్రమాణం ఉంది. పక్కన ఒక సీనియర్ ఉంటారు. ఒక్కో పని సొంతంగా చేయగలనని చూపించాకే సంతకం పెడతారు. బాండ్ కన్నా ముందు ఆ ఆరు వారాలు అడగండక్కా.

ఖమ్మం ఇన్‌ఛార్జ్ సిస్టర్:
అందరికీ థాంక్స్. ట్యూటర్ గారి లెక్కని మా జీతాలతో మార్చి సోమవారం ఇస్తాను, ఆరు వారాల మాట మొదటి పేజీలోనే పెడతాను. చెల్లీ, ఆ సంతకాల కాగితంలో ఏయే పనులు ఉంటాయో వీలైతే ఇక్కడ రాయమ్మా. కఫం తీసే సక్షన్, ఏబీజీ (రక్తంలో వాయువుల పరీక్ష) శాంపిల్, పెద్ద రక్తనాళంలో పెట్టే సెంట్రల్ లైన్ డ్రెస్సింగ్ నేను రాసుకున్నాను. మిగతావి కావాలి.