కేతకి ఒడియా పేరా? మొగలి, గేదఁగి, కియా: మా మామ్మ పేరు మీద వచ్చిన తగువు

మా మేనకోడలికి పాప పుట్టి ఇవాళ్టికి పద్దెనిమిది రోజులు. ఒడిశాలో, బరంపురంలోనే, మా ఇంట్లోనే ఉంది. ఇరవై ఒకటో రోజున బారసాల (ఇక్కడ ఒడియావాళ్ళకీ ఇరవై ఒకటో రోజే, ఏకొయిసియా అంటారు). పిల్లకి మా మామ్మ పేరు పెడదామన్నాను. కేతకి, అంటే మొగలిపువ్వు. అంతే, ఇల్లు రెండు పార్టీలయింది. పాప తాతగారు, అంటే మా వియ్యంకుడు, విజయనగరం వైపు మనిషి, "అది ఒడియా పేరు కదమ్మా, మనకెందుకు" అన్నారు. మా పిన్ని ఇంకో మెట్టెక్కి "శివుడు శపించిన పువ్వే అది, ఎవరైనా ఆడపిల్లకి పెడతారేటి" అంది. బాలింత ఉన్న ఇంట్లో, అందులోనూ వియ్యంకుడితో ఏం వాదిస్తాం? నోరు మూసుకున్నాను. ఆ కడుపుబ్బరం ఇక్కడ దించుకుంటున్నాను, ఓపిగ్గా చదవండి.

ముందు ఒడియా సంగతి. కేతకి సంస్కృతం మాట. ఒడియావాళ్ళ పెరట్లో మొలిచిందీ కాదు, మన పెరట్లో మొలిచిందీ కాదు. ఒడియావాళ్ళ నోట్లో నలిగి తయారైన మాట వేరే ఉంది, కియా. మాట మధ్యలో ఉన్న త, క లాంటి హల్లులు ప్రాకృతంలో జారిపోతాయి కదా, అలా కేతకీ కాస్తా కేఅఈ అయింది. అక్కణ్ణించి బెంగాల్లో కేయా, ఒడియాలో కియా, వెనక ఒక డ తగిలించుకుని హిందీలోనూ మరాఠీలోనూ కేవడా. బిర్యానీలో చల్లే కేవడా వాటర్ ఈ కేతకే. బెంగాలీ అమ్మాయిలకి కేయా అని ఇప్పటికీ పెట్టుకుంటున్నారు, వినడానికి కొత్త పేరులా ఉంటుంది గానీ చాలా పాతది.

తెలుగు ఆ హల్లుల్ని జార్చలేదు, మెత్తబరిచింది. కేతకి గేదఁగి అయింది. క పోయి గ, త పోయి ద, చివర కి పోయి గి. కుటి గుడి అయినట్టు, కుడ్యం గోడ అయినట్టు, ప్రకృతి వికృతుల పట్టీలో చిన్నప్పుడు బట్టీ పట్టినవే. కన్నడంవాళ్ళది కేదగె, మనకి దగ్గర చుట్టం. నిఘంటువుల్లో గేదఁగి, గేదంగి రెండు రూపాలూ ఉన్నాయి. ఒక మాటకి సొంత వికృతి తయారైందంటే అది ఆ భాషలో ఎన్నాళ్ళు కాపురం చేసి ఉండాలి? మా వియ్యంకుడికి ఇది చెప్పాలనుంది, గేదఁగి అనగానే "గేదె పేరా" అంటారని భయం వేసి ఆగాను.

ఇంకొకటి. మా మామ్మ పుట్టింది 1931లో, చికిటి దాటాక సముద్రం వైపున్న ఒక పల్లెలో. 1936 ఏప్రిల్ 1న ఒడిశా వేరే రాష్ట్రం అయ్యేదాకా బరంపురం, చికిటి, గోపాలపురం అన్నీ మద్రాసు ప్రెసిడెన్సీలోవే. అంటే ఆ పేరు పెట్టిన నాటికి ఆ ఊరికి ఒడిశా అన్న చిరునామాయే లేదు. వాళ్ళ నాన్న పక్కా తెలుగువాడు, చేనుగట్టు చుట్టూ మొగలిపొదలే కంచె. ఆ కంచె చూసే పేరు పెట్టాడని మామ్మ చెప్పేది. "మా అయ్యకి ఇంకో పువ్వు దొరకనేదేటి, ముళ్ళ పువ్వే దొరికిందా" అని నవ్వేది కూడా.

ఇక్కడివాళ్ళకి చెప్పక్కర్లేదు గానీ మిగతావాళ్ళ కోసం: దేశంలో తయారయ్యే కేవడా అత్తరు, కేవడా నీళ్ళలో ఎక్కువ భాగం మా గంజాం జిల్లావే. గంజాం కేవడా పువ్వుకీ, దాని శుద్ధ తైలమైన రూహ్‌కీ జీఐ (భౌగోళిక సూచిక) గుర్తింపు ఉంది. ఏడాదికి మూడు కాపులు, పెద్ద కాపు వానల్లో. తెల్లారకముందే కోసేసి భట్టీకి, అంటే అత్తరు తీసే చోటికి తోలేస్తారు, పొద్దెక్కితే వాసన పోతుందని. తూకం ఉండదు, పువ్వుల లెక్క. డేగు అనే రాగి బానలో నీళ్ళూ పువ్వులూ వేసి మూతి మట్టితో మెత్తి కింద మంట పెడతారు, ఆవిరి వెదురు గొట్టంలోంచి భప్కా అనే ఇంకో పాత్రలోకి దిగుతుంది. అత్తరు కావాలంటే ఆ భప్కాలో ముందే గంధం నూనె పోసి ఉంచుతారు. 2013 అక్టోబరులో ఫైలిన్ తుఫాను గోపాలపురం దగ్గరే తీరం దాటింది, ఆ దెబ్బకి మామ్మ పుట్టింటి కంచె సగం ఇసకలో కలిసిపోయింది.

మామ్మ మొగలిపొత్తి విప్పడం ఒక పెద్ద పని. పైనున్న పచ్చరేకులకి మూడు వరసల ముళ్ళు, రెండంచులా రెండు వరసలు, నడుమ ఈనె కింద ఒకటి. చిన్న చాకుతో ఆ మూడు వరసలూ గీకి పారేసేది. లోపలికి వెళ్ళేకొద్దీ రేకులు తెల్లగా, వెన్నలా మెత్తగా ఉంటాయి, మధ్యలో పుప్పొడి వేళ్ళకి గోధుమపిండిలా అంటుకుంటుంది. ఒక రేకు నాలుగు మడతలు పెట్టి నా జడలో గుచ్చి, మిగిలినవి ట్రంకుపెట్టెలో పట్టుచీరల మధ్య పెట్టేది. ఏడాదికి ఆ రేకులు కాగితంలా గోధుమరంగు తిరిగినా పెట్టె తీస్తే ఇల్లంతా తెలిసేది.

ఆ పేరుతో ఆవిడ పడ్డ పాట్లు వేరే. ఒడియా ఇరుగుపొరుగు కేతొకి మావుసీ అనేవాళ్ళు, వాళ్ళ నోట్లో అకారం ఒకారం అవుతుంది కదా, దానికేం బాధ లేదు. ఇచ్ఛాపురం అవతల కాస్త పొలం ఉండేది, ఆ కాగితాల్లో ఎవరో మహానుభావుడు ఇంగ్లీషు స్పెల్లింగ్ చూసి తెలుగులోకి దించుతూ కేటకి అని రాసేశాడు. కేతకి, కేటకి ఒకరేనని రుజువు చేసుకోవడానికి డెబ్బై ఏళ్ళ మనిషి ఆఫీసు చుట్టూ నాలుగుసార్లు తిరిగింది. ఆఖరికి అఫిడవిట్. "నా పేరు నాను సెప్తుంటే నమ్మరేటి" అని ఆ గుమాస్తాని అడిగిందట.

సరే, శాపం మాట మిగిలింది. బ్రహ్మ హంసై పైకి ఎగిరాడు, విష్ణువు వరాహమై కిందికి తవ్వుకుపోయాడు, జ్యోతిర్లింగం మొదలూ తుదీ ఎవరికీ అందలేదు, పైనుంచి రాలిపడుతున్న మొగలిపువ్వు చేత బ్రహ్మ దొంగసాక్ష్యం చెప్పించాడు, అది శివపూజకి పనికిరాకుండా పోయింది. కథ అందరికీ తెలుసు. దీనికి పిన్నికి ఏం జవాబు చెప్పాలో మీరు చెప్పండి. పెద్దలెవరైనా మొగలి అన్న మాట పుట్టుక గురించి కూడా చెబితే సంతోషం.

పర్లాకిమిడి మాస్టారు:
అమ్మా, మంచి పని చేశావు. గిడుగువారు పాఠాలు చెప్పిన ఊరి వాణ్ణి, మాట వ్యవహారంలో ఉందా లేదా అన్నదే నాకు ముందు. గేదఁగి ఇవాళ ఎవరి నోటా లేదు, దాన్ని చూపించి వియ్యంకుణ్ణి గెలవలేవు. మొగలి ఉంది. మా అమ్మమ్మ మొగలి అంటే మొగచెట్టు అనేది. మొగవాడు, మొగుడు, మొగలి ఒకే తాడు అని ఆవిడ లెక్క. ఇంకొందరు మొగిలు అంటే మబ్బు, మబ్బు పట్టినప్పుడు పూసేది మొగిలి అంటారు. రెండూ వినడానికి ముద్దుగానే ఉన్నాయి. శబ్దం కలిసినంత మాత్రాన వ్యుత్పత్తి కుదరదు, అది మాత్రం గుర్తుంచుకో.

గుణుపురం అప్ప:
మా నాన్నగారు మొగలిపొద కనిపించినప్పుడల్లా ఒక శ్లోకం చదివేవారు. చాణక్యనీతిలోది. "వ్యాలాశ్రయాపి విఫలాపి సకంటకాపి" అని మొదలవుతుంది. పాములకి ఇల్లువి, కాయ కాయవు, ఒళ్ళంతా ముళ్ళు, వంకర, బురదలో పుట్టావు, దగ్గరికి రానివ్వవు, అయినా కేతకీ, వాసన ఒక్కదానితో అందరికీ చుట్టానివి, ఒక్క గుణం అన్ని దోషాల్నీ కొట్టేస్తుంది అని. మీ పిన్నిగారికి ఇది చదివి వినిపించు చెల్లీ. ముళ్ళ సంగతి మాత్రం ముందే చెప్పెయ్, పిల్ల పెద్దయ్యాక మనల్ని అనకుండా.

నా జవాబు:
అప్పా, మాస్టారూ, మీ రెండు కామెంట్లూ పక్కపక్కన చదివితే నాకు ఒకటి తట్టింది. శ్లోకంలో "విఫలా", కాయ లేనిది అన్నాడు చూశారా. మొగలికి కాయ కాయకపోవడం ఏమిటి? అనాసపండు లాంటి కాయ, పండితే నారింజరంగు, బీచి దారిలో ఎన్ని చూడలేదు. అసలు సంగతి, బొప్పాయిలాగే మొగలిలోనూ ఆడచెట్టు వేరు, మగచెట్టు వేరు. తెల్లటి రేకులు, పుప్పొడి, ఆ వాసన, అన్నీ మగచెట్టువి. కాయ ఆడచెట్టుది, దాని పూతకి చెప్పుకోదగ్గ వాసన లేదు. భట్టీకి వెళ్ళేది మగపువ్వు ఒక్కటే, రైతులు కొత్త కంచె వేసుకోవాలన్నా మగచెట్టు కొమ్మే తెచ్చి పాతుకుంటారు. శ్లోకం రాసినాయన చూసింది మగచెట్టుని, చూసింది చూసినట్టు కాయ లేదని రాశాడు, పిలవడం మాత్రం కేతకీ అని ఆడమనిషిని పిలిచినట్టు పిలిచాడు. పేరు ఆడది, పువ్వు మగది. మాస్టారూ, వ్యుత్పత్తిగా నిలబడకపోవచ్చు గానీ మీ అమ్మమ్మగారు చెట్టుని మాత్రం సరిగ్గా చూశారు!

అమరకోశంలో కూడా ఒక తమాషా ఉంది. ఖర్జూరం, తాటితో కలిపి కేతకిని తృణద్రుమం అన్నాడు, గడ్డిజాతి చెట్టు అని. ఇవాళ వృక్షశాస్త్రం చదివే పిల్లలు వీటన్నిటినీ ఏకదళబీజాలు అని ఒక గుంపులో పెడతారు, గడ్డీ అందులోనే. అమరసింహుడి కన్ను మామూలు కన్ను కాదు.

సిరొంచ నుంచి ఒక సభ్యుడు:
ప్రాణహిత ఒడ్డున ఉన్నవాణ్ణి, ఇటు తెలుగు అటు మరాఠీ. మా దగ్గర కేతకి మరాఠీ పేరు! నాతో చదివినవాళ్ళలోనే ఇద్దరు కేతకీలు ఉండేవారు. మీకు ఒడియా పేరు అన్నారంటే నవ్వొచ్చింది, ఎవరి పక్కింట్లో ఉంటే వాళ్ళదనుకుంటాం కాబోలు. ఇంకోటి, వినాయకచవితికి మన ఇరవై ఒక్క పత్రిలో మొగలి లేదు, మరాఠీవాళ్ళ పత్రిలో కేవడా ఉంటుంది. తండ్రికి పనికిరాని పువ్వు కొడుక్కి పెడుతున్నారు, చూడండి.

జహీరాబాద్ వైపు సభ్యురాలు:
తండ్రికి పనికిరాదని ఎవరన్నారండీ? మా దగ్గర ఝరాసంగంలో స్వామి పేరే కేతకీ సంగమేశ్వరుడు. అక్కడ మొగలిపువ్వుతోనే పూజ. కర్ణాటక నుంచీ మహారాష్ట్ర నుంచీ కూడా జనం వస్తారు. చిత్తూరు జిల్లా మొగిలిలో మొగిలీశ్వరుడు సరేసరి. మా తెలంగాణలో మొగిలయ్యలు ఊరికి నలుగురు. దొంగసాక్ష్యం చెప్పిన పువ్వు పేరు శివుడే పెట్టుకున్నాక మీ పిన్నిగారికి అభ్యంతరం ఏమిటి?

నా జవాబు:
అక్కా, మీ కామెంట్ అలాగే పెద్దగా చదివి పిన్నికి వినిపించాను. కాసేపు ఆలోచించింది. "అయితే ముందు పిల్లని ఆ గుళ్ళోకి తీసుకెళ్ళి, దణ్ణం పెట్టించి, తర్వాత పెడదాం పేరు" అంది. బారసాల శుక్రవారం. బరంపురం ఎక్కడ, ఝరాసంగం ఎక్కడ. వియ్యంకుడు మాత్రం కాస్త మెత్తబడ్డారు, మరాఠీ పేరు అంటే ఆయనకి పట్టింపు లేదట, ఒడియా అయితేనే పట్టింపట. ఇదేం న్యాయమో నాకు అర్థం కాలేదు గానీ తలూపాను. పాప తల్లి అందరి గోలా విని, బియ్యంలో కేతకి అని రాయండి, ఇంట్లో కియా అని పిలుచుకుంటాను అంది. వేరే రాష్ట్రంలో ఉద్యోగం దానిది, ఆఫీసులో కియా అంటే కారు పేరు అనుకుంటారేమో అని నాకొక టెన్షన్.

పర్లాకిమిడి మాస్టారు:
అనుకోనీ. జనన ధ్రువపత్రంలో త కాస్తా ట కాకుండా చూసుకో, ట రాస్తే అక్కడే పట్టుకో. కేతకిలో చివర దీర్ఘం పెడతారా లేదా అన్నది కూడా ఇప్పుడే తేల్చుకోండి, తర్వాత పిల్ల తిరగాలి.

నా జవాబు:
హ్రస్వమే మాస్టారూ. మామ్మ సంతకం అలాగే ఉండేది. పొలం కాగితాల కట్ట తీసి ఇప్పుడే చూశాను, అఫిడవిట్ కింద వంకర అక్షరాలతో కేతకి అని, త కింద పెద్ద ఇంకు మరక.