రెండో ప్రతివాది చనిపోయి ఆరు నెలలు దాటింది: దావా మొత్తం పోయినట్లేనా?

ప్రశ్న:
అన్నదమ్ములిద్దరికి ఉమ్మడిగా ఉన్న ఇంటి స్థలాన్ని కొనడానికి నేను అగ్రిమెంటు రాయించుకున్నాను. వారు రిజిస్ట్రేషన్ చేయకపోవడంతో స్పెసిఫిక్ పర్ఫార్మెన్స్ దావా (అగ్రిమెంటు ప్రకారం అమ్మకం జరిపించమని కోరేది) వేశాను. ఇద్దరూ ఒకే వకీలు ద్వారా జవాబు దాఖలు చేశారు. రెండో ప్రతివాది 2024 జూన్ 11న మరణించారు. ఆ తర్వాత కూడా దావా మూడు వాయిదాలకు వచ్చింది కానీ వారి తరఫున ఎవరూ ఈ మాట చెప్పలేదు. డిసెంబరు 19న స్థలం పక్కింటివారు చెబితేనే నాకు తెలిసింది. తొంభై రోజులు దాటాయి కాబట్టి దావా అబేట్ అయిందని (అంటే దానంతట అదే ముగిసిపోయిందని), మూడు పిటిషన్లు వేయాలని మా వకీలు గారు అంటున్నారు. మిగిలిన ప్రతివాది మీదైనా దావా నడుస్తుందా? మూడు పిటిషన్లు ఎందుకు?

జవాబు 1:
నేను సివిల్ కోర్టులో ప్రాక్టీసు చేస్తున్నాను. మీ వకీలు గారు చెప్పింది సరైనదే. సివిల్ ప్రొసీజర్ కోడ్ 22వ ఆర్డరు 4వ రూలు ప్రకారం, చనిపోయిన ప్రతివాది స్థానంలో ఆయన చట్టబద్ధ ప్రతినిధులను, అంటే వారసులను చేర్చమని వాది కోరాలి. ఇందుకు లిమిటేషన్ చట్టం 120వ ఆర్టికల్ మరణించిన రోజు నుంచి 90 రోజుల గడువు ఇస్తుంది. మీ విషయంలో అది సెప్టెంబరు 9తో ముగిసింది. ఆ గడువు దాటగానే, కోర్టు ప్రత్యేకంగా ఉత్తర్వు ఇవ్వకపోయినా, ఆ ప్రతివాది వరకు దావా దానంతట అదే అబేట్ అవుతుంది. దాన్ని రద్దు చేయమని కోరడానికి 121వ ఆర్టికల్ మరో 60 రోజులు ఇస్తుంది. అదీ నవంబరు 8తో అయిపోయింది. అందుకే వారసులను చేర్చమని ఒకటి, అబేట్‌మెంటును రద్దు చేయమని ఒకటి, నవంబరు 8 తర్వాతి ఆలస్యాన్ని మన్నించమని ఒకటి, మొత్తం మూడు పిటిషన్లు అవసరమయ్యాయి. డిసెంబరు 30న దాఖలు చేస్తే మీరు వివరణ ఇవ్వవలసిన ఆలస్యం 52 రోజులు.

మొదటి ప్రతివాది మీద మాత్రమే నడుపుదామన్న ఆలోచన దయచేసి పెట్టుకోకండి. అగ్రిమెంటు ఒకటే, స్థలం ఇద్దరిదీ. విడదీయలేని హక్కు విషయంలో ఒకరి వరకు అబేట్ అయితే మొత్తం వ్యాజ్యమే నిలబడకపోయే ప్రమాదముందని సుప్రీంకోర్టు 1961లో నాథూరాం కేసులో వివరించింది. కోర్టు అనుమతితో వారసులను చేర్చకుండా సాగే వెసులుబాటు 4వ రూలులోనే ఉంది కానీ, అది జవాబు దాఖలు చేయని, లేదా హాజరై పోరాడని ప్రతివాది విషయంలోనే వర్తిస్తుంది. మీ ప్రతివాది జవాబు దాఖలు చేశారు కదా.

ఇక అఫిడవిట్. "నాకు తెలియదు" అని ఒక్క ముక్కలో రాసి వదిలేస్తే ఎదుటివారు దాన్ని పట్టుకుంటారు. ఏ తేదీన, ఎవరి ద్వారా తెలిసింది, మధ్యలో ఏయే వాయిదాలు జరిగాయి, ఆ రోజుల్లో ఎదుటి వకీలు ఏమీ చెప్పలేదన్న సంగతి, అన్నీ వరుసగా రాయించండి. కక్షిదారు మరణం తెలిసిన వకీలు కోర్టుకు తెలియజేయాలని అదే 22వ ఆర్డరు 10-ఎ రూలు చెబుతుంది. మరణం సంగతి వాదికి తెలియదని రుజువైతే, ఆలస్యాన్ని మన్నించే విషయంలో కోర్టు దాన్ని తగినవిధంగా పరిగణనలోకి తీసుకోవాలని 4వ రూలు 5వ ఉపనియమమూ చెబుతుంది. అబేట్‌మెంటు రద్దు పిటిషన్ల పట్ల ఉదారంగా ఉండాలని 2003లో మిఠాయిలాల్ దల్సంగర్ సింగ్ కేసులోనూ సుప్రీంకోర్టు అంది.

జవాబు 2:
వకీలు గారి దగ్గర గుమస్తాగా చాలా ఏళ్లుగా పనిచేస్తున్నాను. ఇటువంటి పిటిషన్లు ఎక్కువగా ఆగిపోయేది వారసుల జాబితా దగ్గరే. పెళ్లై వెళ్లిన కూతుళ్లను, చనిపోయినవారి తల్లిని మరచిపోతుంటారు. హిందూ వారసత్వ చట్టం ప్రకారం భార్య, కొడుకులు, కూతుళ్లతో పాటు తల్లి కూడా మొదటి తరగతి వారసురాలే. మరణ ధ్రువీకరణ పత్రం, కుటుంబ సభ్యుల ధ్రువపత్రం సంపాదించి, ప్రతి ఒక్కరి పేరు, వయసు, చిరునామా సరిచూసుకున్నాకే ముసాయిదా చేయించండి. నిజాయితీగా విచారించి కూడా ఒకరి పేరు తప్పిపోతే, చేర్చినవారు ఆస్తికి ప్రాతినిధ్యం వహిస్తారని 1964లో సుప్రీంకోర్టు దయారాం కేసులో చెప్పింది కానీ, విచారించకుండా వదిలేసినవారికి అది రక్ష కాదు. పిటిషన్ అనుమతించాక ప్లెయింటులో (మొదట దాఖలు చేసిన దావా పత్రంలో) కూడా పేర్లు చేర్పించి, సవరించిన ప్రతిని దాఖలు చేయడం మరవకండి.

ప్రశ్న అడిగినవారు:
ఇద్దరికీ కృతజ్ఞతలు. ముసాయిదాను ఇప్పుడే మళ్లీ చూశాను. అందులో భార్య, ఇద్దరు కొడుకుల పేర్లే ఉన్నాయి. ఆ అన్నదమ్ముల తల్లి జీవించే ఉన్నారు, మొదటి ప్రతివాది ఇంట్లోనే ఉంటున్నారు. కూతురు కూడా ఒకరున్నారని విన్నాను. రేపు ఉదయమే వకీలు గారిని కలిసి ఆ రెండు పేర్లూ రాయిస్తాను, కూతురి చిరునామా కోసం పక్కింటివారినే మళ్లీ అడుగుతాను.