టక్ టక్ మంటున్న వీల్ సైడ్ సీవీ జాయింట్: కప్పు ఒక్కటే మార్చాలా, యాక్సిల్ మొత్తమా, ఎడమదీ కుడిదీ అటూ ఇటూ వేసుకుంటే సరిపోతుందా?

సీతమ్మధార హ్యాచ్‌బ్యాక్:

అందరికీ నమస్కారం. నాది 2012 మోడల్ పెట్రోల్ బండి, ఫ్రంట్ వీల్ డ్రైవ్, 94 వేల కిలోమీటర్లు తిరిగింది. నెల రోజులుగా మా అపార్ట్‌మెంట్ సెల్లార్ ర్యాంపు ఎక్కుతూ స్టీరింగ్ కుడికి ఫుల్‌గా కట్ చేస్తే ముందు నుంచి టక్ టక్ టక్ మని వరసగా వస్తోంది. యాక్సిలరేటర్ వదిలేస్తే తగ్గుతుంది. నేరుగా వెళ్తుంటే ఏ శబ్దమూ లేదు. వంగి చూస్తే ఎడమ రిమ్ము లోపలి వైపంతా నల్లటి గ్రీజు చిమ్మి ఉంది, సీవీ జాయింటును, అంటే షాఫ్టు చక్రం దగ్గర వంగి కూడా తిరిగేలా చేసే కీలును, కప్పి ఉంచే రబ్బరు బూటు మడతలో రెండు వేళ్లంత చీలిక ఉంది.

ముగ్గురిని అడిగితే మూడు మాటలు చెప్పారు. ఒకరు యాక్సిల్, అంటే రెండు చివరలా జాయింట్లున్న షాఫ్టు, మొత్తం మార్చాలన్నారు, 7,500 అవుతుందట. ఇంకొకరు వీల్ సైడ్ కప్పు (చక్రం వైపు జాయింటు), బూటు కిట్టు, కూలి అన్నీ కలిపి 3,200 అన్నారు. మూడో ఆయన కొత్తది కొనక్కర్లేదు, ఎడమ కప్పు కుడికి, కుడిది ఎడమకు వేసి కొత్త బూట్లలో గ్రీజు నింపితే 1,400లో శబ్దం పోతుందన్నారు. నన్ను ఇబ్బంది పెడుతున్నది ఈ మూడో మాటే. శబ్దం పోతే జబ్బు పోయినట్టేనా? వచ్చే నెల అమ్మానాన్నలను తీసుకుని అరకు వెళ్లాలి. అనంతగిరి ఘాట్‌లో వాళ్లను రోడ్డు పక్కన నిలబెట్టే పరిస్థితి రాకూడదు. అనుభవం ఉన్నవాళ్లు చెప్పండి.

గాజువాక ఆటోనగర్ మేస్త్రి:

బాబూ, ముందు ఏది పోయిందో తేల్చీండి, ఆ తర్వాత ఏది మార్చాలో మాట్లాడుకుందాం. కుడికి తిప్పితే మోగింది కాబట్టి ఎడమదే పోయిందనీసి అందరూ చెప్తారు. బరువు బయటి చక్రం మీద పడతాది కాబట్టి చాలాసార్లు అది నిజమే. కానీ లోపలి చక్రం బయటి దానికన్నా ఎక్కువ కోణం తిరుగుతాది. అందుకని కుడిది కూడా మోగొచ్చు. ఖాళీ స్థలం చూసుకుని ఫస్ట్ గేర్‌లో ఫుల్ కట్ పెట్టి నెమ్మదిగా గుండ్రంగా తిప్పండి. ఒకసారి కుడికి, ఒకసారి ఎడమకి. తర్వాత రివర్స్‌లో అలాగే. పక్కన ఒక మనిషి నడుస్తూ వింటే ఏ చక్రమో తెలిసిపోతాది.

తర్వాత బండి ఎత్తి స్టాండ్ల మీద నిలబెట్టి, షాఫ్టుని ఒక చేత్తో గట్టిగా పట్టుకుని రెండో చేత్తో చక్రాన్ని ముందుకీ వెనక్కీ ఆడించండి. మంచి కప్పులో ఆట ఉందీ లేనట్టుంటాది. పోయినదైతే చేతికి టిక్కుమని తగుల్తాది. బూటు మడతలు విప్పదీసి చూడండి, చీలిక మడత లోపల దాక్కుంటాది. ఒక్క మాట గుర్తుంచుకోండి. చక్రాలు గాల్లో వేలాడుతుండగా ఇంజన్ మీద తిప్పి శబ్దం వినొద్దు. షాఫ్టు కిందికి వాలిపోయి ఉంటాది కాబట్టి మంచి జాయింటు కూడా మోగి మోసం చేస్తాది.

గుయ్యి మని ఒకటే మోత, స్పీడు పెరిగితే పెరిగేదైతే అది వీల్ బేరింగ్. గతుకుల మీద కటకటా అంటే సస్పెన్షన్‌లో లింక్ రాడ్డో బాల్ జాయింటో. నేరుగా వెళ్తూ యాక్సిలరేటర్ తొక్కినప్పుడు బండి ఊగినట్టు వణికితే గేర్ సైడ్ జాయింటు, అంటే షాఫ్టుకి గేర్ బాక్సు వైపున్నది, చూడాలి. మీరు చెప్పింది వింటే వీల్ సైడే అనిపిస్తోంది.

ఎంవీపీ సెక్టార్ 4:

నేను యాక్సిల్ మొత్తం మార్చాలనే అంటాను. పన్నెండేళ్లు దాటిన బండి. వీల్ సైడ్ అరిగిందంటే గేర్ సైడ్ కూడా అన్నే కిలోమీటర్లు తిరిగింది. ఇప్పుడు కప్పు వేయించి, ఏడాదికి గేర్ సైడ్ బూటు చిరిగితే మళ్లీ షాఫ్టును చక్రానికి బిగించే అదే హబ్ నట్టు, చక్రాన్ని కింద పట్టి ఉంచే అదే లోయర్ ఆర్మ్ విప్పాలి, మళ్లీ అదే కూలి. పైగా మొత్తం షాఫ్టు వచ్చేది ఫ్యాక్టరీలో గ్రీజు నింపి, క్లాంపులు బిగించి. సందులో కూర్చుని చేసే పనిలో ఇసుక రేణువు ఒక్కటి పడినా కొత్త కప్పు పాతదైపోతుంది. పెద్దవాళ్లతో ఘాట్ ఎక్కే మనిషి నాలుగు వేలకు వెనకాడకూడదు.

గాజువాక ఆటోనగర్ మేస్త్రి:

సార్, ఒరిజినల్ షాఫ్టు వేస్తానంటే మీ మాటకి నేను అడ్డు చెప్పను. 7,500కి ఏ షాఫ్టు ఇస్తున్నారో అడగాలి. పేరు లేని లోకల్ షాఫ్టు తెచ్చి, కంపెనీ వాడు వేసిన మంచి గేర్ సైడ్ జాయింటుని తీసి పారేస్తే లాభమా నష్టమా? గేర్ సైడ్‌లో మూడు రోలర్లుంటాయి, అది లోపలికీ బయటికీ జరుగుతాది గానీ స్టీరింగ్‌తో పాటు తిరగదు. వీల్ సైడ్ పడే కష్టం దానికి లేదు. రెండూ ఒకేలా అరుగుతాయనుకోవడం తప్పు. పైగా షాఫ్టు గేర్ బాక్సులోంచి లాగితే గేర్ ఆయిల్ పోతాది, ఆయిల్ సీల్ పెదవి దెబ్బతింటే అక్కడ కొత్త లీకు. వీల్ సైడ్ కప్పు మార్చడానికి గేర్ బాక్సు వైపు ముట్టుకోనక్కర్లేదు.

కంచరపాలెం పాత 800:

ఎడమ కుడి మార్పిడిని మోసం అన్నట్టు మాట్లాడొద్దు. మారుతి 800 వచ్చింది 1983 డిసెంబరులో. అంతవరకు మన రోడ్ల మీద ఎక్కువగా తిరిగిన అంబాసిడర్, పద్మినీలు వెనక చక్రాలతో నడిచేవి. ముందు చక్రాల యాక్సిల్ అంటే మన మెకానిక్‌లకు కొత్త. విడిభాగాలు దొరకని రోజుల్లో మా నాన్నగారు ఈ మార్పిడితోనే ఎన్నో బండ్లు నడిపించారు. ఇందులో లెక్క ఉంది. కప్పులో ఆరు ఉక్కు గుండ్లు, అవి కదిలే ఆరు గాడులు. బండి ముందుకు లాగినప్పుడు గుండ్లు గాడికి ఒక గోడ మీదే ఒత్తుతాయి. రెండో గోడకు పని పడేది రివర్స్‌లో, యాక్సిలరేటర్ వదిలేసి గేర్‌తోనే వేగం తగ్గించే ఇంజన్ బ్రేకింగ్‌లో మాత్రమే. ఎడమ కప్పు కుడికి వేస్తే తిరిగే దిశ మారి, అరగని గోడ పనిలోకి వస్తుంది. శబ్దం నిజంగానే పోతుంది, నెలలు కాదు, ఏళ్లు నడిచిన బండ్లు నేను చూశాను. డబ్బు లేని మనిషికి ఇది ఆధారం. దీన్ని తీసిపారేయకండి.

స్టీల్‌ప్లాంటు క్వార్టర్స్:

నేను మెషిన్ షాపులో చాలా ఏళ్లు పనిచేసి రిటైరైనవాణ్ని. కంచరపాలెం మిత్రుడు చెప్పిన లెక్క సరైనదే. కానీ అది సగమే.

ఈ రకం జాయింటును 1920ల్లో ఆల్‌ఫ్రెడ్ రెజెప్పా రూపొందించాడు, ఇప్పటికీ వీల్ సైడ్‌లో వాడేది చాలావరకు దాని వారసులే. దాదాపు 45 డిగ్రీల వరకు వంగి కూడా వేగం హెచ్చుతగ్గులు లేకుండా చక్రానికి శక్తినిస్తుంది. బండి బరువంతా లాగే ఒత్తిడి గుండుకూ గాడికీ మధ్య ఆవగింజంత చోట పడుతుంది. అందుకే గాడి పైపొరను ప్రత్యేకంగా గట్టిపరుస్తారు. లోపలి ఉక్కు అంత గట్టిగా ఉండదు, ఉండకూడదు కూడా, ఉంటే పగిలిపోతుంది. బూటు చిరిగి ఇసుక చేరితే గట్టి పొర మెల్లగా పెచ్చులూడుతుంది. ఒకసారి పెచ్చు లేచాక కింద ఉన్న మెత్తటి ఉక్కు ఎంతో కాలం ఆగదు.

మనం ఎక్కువగా నేరుగా నడుపుతాం కాబట్టి గుండ్లు గాడి మధ్యలో కొంచెం మేరే అటూ ఇటూ కదులుతాయి. అక్కడే గుంట పడుతుంది. ఫుల్ కట్ చేసినప్పుడు గుండు ఆ గుంట అంచు ఎక్కి దాటాలి. అదే మీకు వినిపించే టక్. మార్పిడి చేస్తే రెండో గోడ బాగుందనే అనుకుందాం. మరి గుండ్ల సంగతేమిటి? అవి ఒకే వైపు అరగవు, దొర్లుతాయి. గుండ్లను పట్టి ఉంచే కేజ్ కిటికీలు వదులైతే? దాన్ని ఏ వైపు వేసినా ఆ వదులు దానితోపాటే వస్తుంది. బూటు బాగున్నప్పుడు వయసుతో సమంగా అరిగిన కప్పుకు మార్పిడి పనికొస్తుంది. ఇసుక తిన్న కప్పుకు పనికిరాదు. పైగా ఇక్కడ కుడి వైపు బాగానే ఉంది. బాగున్న వైపుకు దెబ్బతిన్న కప్పును ఎందుకు పంపాలి?

పెందుర్తి నుంచి:

నా అనుభవం ఒకటి రాస్తాను, ఎవరికైనా పనికొస్తుంది. రివర్స్ తీసి ఫస్ట్ వేసి కదలగానే ఒక్కటంటే ఒక్క టిక్. మళ్లీ రివర్స్ వేస్తే ఇంకో టిక్. ఒక వర్క్‌షాపులో వీల్ సైడ్ కప్పు పోయిందని మార్చారు. శబ్దం అలాగే ఉంది. ఇంకో చోట విప్పితే హబ్ నట్టు సరైన టార్క్‌కు (బిగింపు బలానికి) బిగించలేదు, హబ్ ఆనే ముఖం పొడిగా, మెరిసిపోయి ఉంది. శుభ్రం చేసి, కొత్త నట్టు టార్క్ రెంచ్‌తో బిగించాక టిక్ పోయింది. కప్పు పోతే చక్రం తిరిగే కొద్దీ వరసగా మోగుతుంది. దిశ మారినప్పుడు ఒకసారే మోగితే ముందు నట్టు చూడండి. మంచి కప్పును చెత్తలో వేసి వచ్చినందుకు నాకిప్పటికీ బాధగా ఉంటుంది.

సీతమ్మధార హ్యాచ్‌బ్యాక్:

నాది వరసగానే మోగుతోంది. మేస్త్రి గారు చెప్పినట్టు నిన్న పొద్దున్నే ఖాళీ మైదానంలో తిప్పి చూశాను. తమ్ముడు పక్కన నడిచాడు. ముందుకు వెళ్లినా రివర్స్‌లో వెళ్లినా ఎడమ చక్రం నుంచే. నేరుగా యాక్సిలరేటర్ తొక్కితే వణుకు లేదు. ఒక్క సందేహం. ఇలాగే నడిపితే నిజంగా ఏమవుతుంది? విరిగిపోతుందా?

స్టీల్‌ప్లాంటు క్వార్టర్స్:

చాలా బండ్లు నెలల తరబడి మోగుతూనే తిరుగుతాయి, అందుకే జనం అలక్ష్యం చేస్తారు. కానీ కేజ్ విరిగి గుండ్లు బయటపడితే ఆ షాఫ్టు ఊరికే తిరుగుతుంది. రెండు చక్రాలకూ శక్తి పంచే డిఫరెన్షియల్ శక్తినంతా అటే పంపుతుంది కాబట్టి రెండో చక్రం బాగున్నా బండి కదలదు. ఘాట్ దిగుతుంటే అంతకన్నా ముఖ్యమైన సంగతి ఉంది. గేర్‌లో ఉన్నా ఇంజన్ బ్రేకింగ్ ఉండదు. బ్రేకులు పనిచేస్తాయి, హ్యాండ్ బ్రేక్ వెనక చక్రాలది కాబట్టి అదీ పనిచేస్తుంది. అయితే ఊడిన షాఫ్టు కొట్టుకుంటూ తిరిగితే పక్కనే బ్రేక్ హోస్ (గొట్టం) ఉంటుంది, దానికి తగలొచ్చు. అరకు దారిలో గాలికొండ మలుపుల్లో దిగుతున్న కుటుంబానికి ఈ ప్రమాదం వద్దు. మార్చి వెళ్లండి.

భీమిలి రోడ్డు:

మాట మధ్యలో వస్తున్నాను. యాక్సిల్ మొత్తమా, కప్పా అనేది సముద్రానికి దగ్గరగా ఉండేవాళ్లకు ఇంకో దాని మీద కూడా ఆధారపడుతుంది. మా ఇంటి దగ్గర ఉప్పు గాలికి గేటు తాళాలే ఆగవు. నా షాఫ్టు మీద బూటు క్లాంపు కూర్చునే చోట తుప్పు గుంటలు పడ్డాయి. కొత్త బూటు వేసినా ఆ గుంటల్లోంచి గ్రీజు చెమ్మలా కారుతూనే ఉంది, నీళ్లు లోపలికి పోతూనే ఉన్నాయి. గీకి, సానపట్టి చూశాం. లాభం లేక చివరికి షాఫ్టు మొత్తం మార్చాను. కాబట్టి పాత బూటు కోశాక ఆ చోటు తుడిచి వేలితో తడిమి చూడండి. నున్నగా ఉంటే కప్పు చాలు. గరుకుగా ఉంటే ఎంవీపీ ఆయన మాటే నిజం. వర్షాకాలంలో జ్ఞానాపురం వైపు నీళ్లలోంచి రోజూ నడిపే బండ్లకు కూడా ఇదే చెప్తాను.

ఎంవీపీ సెక్టార్ 4:

ఇది నేను ఒప్పుకుంటాను. విప్పకముందే మొత్తం మార్చమనడం తొందరపాటే. అయితే లోకల్ కప్పుల సంగతి కూడా అంతే జాగ్రత్తగా చూడాలి, పేరు లేనివి షాఫ్టుల్లోనే కాదు, కప్పుల్లోనూ ఉన్నాయి.

సీతమ్మధార హ్యాచ్‌బ్యాక్:

ఆదివారం పని అయింది. గాజువాకలో మేస్త్రి గారి దగ్గరే దగ్గరుండి చేయించాను. అనుకున్నదానికన్నా ఎంతో నేర్చుకున్నాను కాబట్టి వివరంగా రాస్తున్నాను.

బండి నేల మీద ఉండగానే హబ్ నట్టు వదులు చేశారు. ముందుగా నట్టు అంచుని షాఫ్టు గాట్లోకి నొక్కి ఉంచిన చోట ఉలితో పైకి లేపారు, లేకపోతే మరలు పాడవుతాయట. లోయర్ బాల్ జాయింట్ విడదీసి, హబ్‌ను పట్టి ఉంచే నకిల్‌ను బయటికి లాగి షాఫ్టును హబ్ నుంచి నెట్టారు. క్లాంపులు కోసి బూటు తీయగానే లోపల గ్రీజు లేదు, గోధుమరంగు పేస్టు ఉంది. రెండు వేళ్ల మధ్య రుద్దితే ఇసుక కరకరలాడింది. మా రుషికొండ ఆదివారాలన్నీ అందులో ఉన్నాయి. కప్పు కడిగి చూస్తే మూడు గాడుల్లో గుంటలు కళ్లకు కనిపిస్తున్నాయి. కేజ్‌లో ఒక గుండు వదులుగా ఆడుతోంది. గాడి రెండు గోడల మీదా మచ్చలు ఉన్నాయి. మార్పిడి మాట అక్కడితో అయిపోయింది.

క్లాంపు కూర్చునే చోటు తుడిచి తడిమాను, నున్నగానే ఉంది. గేర్ సైడ్ బూటు మెత్తగా ఉంది, జాయింటు చేత్తో లాగితే సాఫీగా జారింది. అందుకని కప్పే వేశాం. పేరున్న కంపెనీ సీలు ఉన్న డబ్బా నేనే తెచ్చాను. బూటు ముందు షాఫ్టు మీదికి ఎక్కించి, కప్పు ఊడకుండా పట్టే కొత్త సర్‌క్లిప్ పెట్టి, ఆ తర్వాతే కప్పును మెత్తటి సుత్తితో కూర్చోబెట్టారు. కిట్టుతో వచ్చిన నల్లటి మాలిబ్డినం గ్రీజు మొత్తం వాడారు, సగం కప్పులో, మిగతాది బూటులో. క్లాంపు బిగించే ముందు బూటు అంచు కొంచెం ఎత్తి లోపలి గాలి వదిలారు. కొత్త నట్టు టార్క్ రెంచ్‌తోనే బిగించమన్నాను. చక్రం నట్లకు సరిపోయే టార్క్‌కు ఇది దాదాపు రెట్టింపు. ఊహ మీద బిగిస్తే బేరింగ్ దెబ్బతింటుందని మేస్త్రి గారే చెప్పారు. కుడి బూటు అక్కడక్కడ బీటలు వారింది కాబట్టి అదీ మార్పించాను, కప్పు మాత్రం ముట్టుకోలేదు. అన్నీ కలిపి 4,300. సాయంత్రం సింహాచలం కొండ ఎక్కి దిగాను. మలుపుల్లో చప్పుడు లేదు, రిమ్ము పొడిగా ఉంది.

కంచరపాలెం పాత 800:

రెండు గోడలకూ మచ్చలుంటే నేనూ అటూ ఇటూ వేయమనను. కానీ గోడ ఒకటే అరిగిన కప్పులు ఉంటాయి, వాటి విషయంలో నా మాట మార్చుకోను. పాత కప్పు పారేశారా?

సీతమ్మధార హ్యాచ్‌బ్యాక్:

లేదండీ, కిరోసిన్‌లో కడిగి గుడ్డలో చుట్టి ఉంచాను. మీరు ఎప్పుడు వీలంటే అప్పుడు కంచరపాలెం తెస్తాను, నాన్నగారు కూడా చూస్తే ఇంకా సంతోషం.

గాజువాక ఆటోనగర్ మేస్త్రి:

చూశాక నాకూ ఒకసారి పంపించీండి బాబూ. నా దగ్గర కొత్తగా చేరిన కుర్రాళ్లిద్దరికీ గాడిలో పెచ్చు ఎలా లేస్తాదో అది చేత్తో తడిమించి చూపించాలి.