వారానికొక్క అంగడితో ఏడు రోజుల కూర ఎల్లుతదా?

పాలమూరు వంటిల్లు:
మహబూబ్‌నగర్, నల్లగొండ శివారు కాలనీల కిరాణం దుకాణాలల్ల బిస్కెట్లు, నూడుల్స్ ఉంటయి, పాలకూర కట్ట దొరకదు. రైతుబజారుకు ఆటో కిరాయే కూరగాయలంత అయితది. వారానికోసారి తెచ్చి దాచుకునుడే మేలు. వరుస తప్పొద్దు: మొదటి రెండు రోజులు ఆకుకూరలు, తర్వాత బెండ, బీర, వంకాయ, ఆఖరుకు సొరకాయ, దోసకాయ, క్యారెట్, క్యాబేజీ. ఆకుకూర కడిగి ఫ్రిజ్‌ల పెడితే తడికి కుళ్లుతది. వేర్లు తుంచి పొడి నూలుబట్టల చుట్టాలె.

నల్లగొండ మిద్దెతోట:
అక్కా, లెక్క చూడుండ్రి. ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్పేది మనిషికి రోజుకు కనీసం 400 గ్రాముల పండ్లు, కూరగాయలు. ఆలుగడ్డ అందుల కలవదు. నలుగురికి వారానికి 11 కిలోల పైమాటే! సింగిల్ డోర్ ఫ్రిజ్‌ల అంత జాగ ఏది? ఫ్రిజ్జే లేనోళ్లు ఏం చేయాలె?
ఆకుకూర ఇంట్లనే పెంచాలె. ఎనిమిది అంగుళాల లోతు టబ్బు, అడుగున చిల్లులు, రెండు పాళ్ల ఎర్రమట్టి, ఒక పాలు బాగ చివికిన పశువుల ఎరువు. తోటకూర గింజ సన్నం, లోతుల పడితే మొలవదు. పిడికెడు ఇసుకల కలిపి చల్లి, పైన పలుచగ మట్టి జల్లితే చాలు. 25 రోజులకు కోతకొస్తది. ఎండకాలం పాలకూర పూతకు పోతది, బచ్చలి తట్టుకుంటది.

పాలమూరు వంటిల్లు:
కిరాయికుండేటోళ్లను మిద్దె మీద టబ్బులు పెట్టనిస్తరా తమ్మీ?

జొన్నరొట్టె:
కిరాణం దుకాణాన్ని ఇద్దరూ మర్చిపోయిండ్రు. పెసర్లు, బొబ్బర్లు, పల్లీలు, జొన్నపిండి అక్కడనే ఉంటయి. మొలకలకు పెసర్లు 8 గంటలు నానబెట్టి, నీళ్లు పూర్తిగ వార్చి మూటకట్టాలె. తడి నిలిస్తే జిగటొచ్చి పుల్లవాసన కొడతది, అవి పారబోయాలె. పిల్లలకు, గర్భిణులకు పచ్చివి వద్దు. ఆవిరి మీద ఉడికించి నిమ్మకాయ పిండాలె, నిమ్మరసంల ఉన్న సి విటమిన్‌తో పెసర్ల ఇనుము ఒంటికి ఇంకా బాగ పడుతది. బోరునీళ్లల్ల పప్పు ఉడుకుతలేదని సోడా వేయకుండ్రి, బి1 విటమిన్ పోతది. రాత్రే నానబెట్టి నల్లా నీళ్లతో వండుండ్రి.

నల్లగొండ మిద్దెతోట:
మొలకలు పప్పుకు బదులైతయి గానీ ఆకుకూరకు కావు. ఆకుల దొరికే విటమిన్-ఎ పెసర్లల్ల ఏడిది? మునగాకునన్న ఎండల గాక నీడల ఆరబెట్టి దాచుకోవాలె.

పాలమూరు వంటిల్లు:
ఆ మాట నిజమే. ఇంకో పని చేయొచ్చు. గల్లీల పది ఇండ్లోళ్లు కలిసి, ఏ ఇంటికి ఎన్ని కట్టలో తోపుడుబండాయనకు ముందురోజే చెప్పాలె, వారానికి రెండుసార్లు. వాడిపోయి నష్టమొస్తదన్న భయంతోనే ఆయన మన దిక్కు ఉల్లిగడ్డ, ఆలుగడ్డ తప్ప తెస్తలేడు.