నిష్పత్తి కొద్దికొద్దిగా తగ్గుతోంది, దీన్ని అనులోమానుపాతం అనొచ్చా?

మాది మిర్యాలగూడ. మా పాప ఎనిమిదో తరగతి. లెక్కల ప్రాజెక్టు కోసం 500 లీటర్ల ప్లాస్టిక్ ట్యాంకు అడుగున ఉన్న నల్లా పూర్తిగా తిప్పి, కింద ఖాళీ డ్రమ్ము పెట్టి, డ్రమ్ములో నీటి ఎత్తు కొలిచాం. వచ్చినవి ఇవీ:

2 నిమిషాలకు 9.0 సెంటీమీటర్లు, 4కు 17.8, 6కు 26.4, 8కి 34.7, 10కి 42.8.

ఎత్తును కాలంతో భాగిస్తే 4.50, 4.45, 4.40, 4.34, 4.28. గ్రాఫు గీస్తే మాత్రం సున్నా నుంచి బయల్దేరే సరళరేఖలాగే కనబడుతోంది. అందుకే పాప అనులోమానుపాతమే, అంటే కాలం ఎన్ని రెట్లయితే ఎత్తూ అన్ని రెట్లవుతుంది అంటోంది. నాకు మనసొప్పడం లేదు. చేతి పొరపాటైతే విలువ ఒకసారి పెరగాలి, ఒకసారి తగ్గాలి కదా. ఇక్కడ ప్రతిసారీ తగ్గుడే.

డ్రమ్ము పైకి వెడల్పేమోనని అడుగున, నడుమ, పైన టేపు చుట్టి చూశాం, చుట్టుకొలత ఒక్కటే. ట్యాంకు మళ్లీ నింపి, ఫోన్‌లో స్టాప్‌వాచ్ పెట్టి ఇంకోసారి కొలిచినా అదే వరస. స్కేలుతో చదవడంలో తేడా ఉంటే 2 మిల్లీమీటర్లకు మించదు. పుస్తకంలో లెక్కలన్నీ నిష్పత్తి సరిగ్గా సమానమయ్యేవే, కొలిచిన విలువల సంగతి అందులో లేదు. పాపకు ఊరికే ‘దగ్గరగా ఉంది, చాలు’ అని చెప్పడం నాకిష్టం లేదు.

నిష్పత్తి ఇలా ఒకే దిక్కుగా తగ్గుతుంటే, అది కొలతలో వచ్చే తేడానా లేక నిజంగానే అనులోమానుపాతం కాదా అని ఎలా తేల్చాలి?