యోషివారా: పేరులో శుభం, చుట్టూ కందకం

దీపం ఆరిపోయిందనం, కొండెక్కిందంటాం. జపాన్‌వాళ్లదీ అదే పట్టింపు. రెల్లుకు ‘ఆషి’ అని పేరు. ఆ మాట ‘చెడు’లా వినిపిస్తుందని ‘యోషి’ (మంచి) అని కూడా పిలిచారు. 1617లో షోగన్ (సైనిక పాలకుడు) ప్రభుత్వం ఎదోలో, అంటే ఇప్పటి టోక్యోలో, ఒక వేశ్యావాడకు అనుమతిచ్చింది. అది రెల్లు పెరిగే నేల కాబట్టి యోషివారా అన్నారని చెబుతారు. తర్వాత రాతలో రెల్లు పోయి ‘శుభం’ అనే అక్షరం వచ్చింది.

1657 అగ్నిప్రమాదం తర్వాత దాన్ని ఊరి అంచుకు, అసకుస గుడి వెనక్కి మార్చారు. చుట్టూ కందకం, ఒకటే పెద్ద గుమ్మం. ఆ కందకం పేరు ‘ఒహగురో దొబు’. ఒహగురో అంటే అక్కడి ఆడవాళ్లు పళ్లకు పూసుకునే నల్లరంగు, దొబు అంటే మురుక్కాలవ. శుభం అనే పేరు ఈ కాలవదాకా రాలేదన్నమాట!

— యోషివారాను ‘సానివాడ’ అని అనువదించవచ్చా అండీ?

వద్దండీ. దొరసాని, మంత్రసాని అన్నప్పుడు ‘సాని’లో గౌరవం ఉంది. మన సానుల వెనక గుడి, ఆటపాట, మాన్యాలు ఉన్నాయి. యోషివారాలో ఉన్నది అప్పు. పల్లెల్లో తల్లిదండ్రులు ముందే డబ్బు తీసుకుని పిల్లను పంపేవారు. ఆ పిల్ల యాస బయటపడకుండా వాడకంతటికీ ఒకటే పలుకు నేర్పేవారు. మామూలు ‘అరిమసు’ (ఉంది) అక్కడ ‘అరిన్సు’. విటుడికది ముద్దుగా ఉండేది, పిల్లకు సొంత ఊరి మాట పోయేది.

— చట్టం ఎప్పుడూ అడ్డుపడలేదా?

1872లో పడింది. విడుదల ఉత్తర్వు రాసిన తీరు చూడండి: వీళ్లు మనిషి హక్కులు పోగొట్టుకున్నవాళ్లు, పశువులతో సమానం, పశువును ఎవరూ బాకీ తీర్చమని అడగరు కదా, కాబట్టి అప్పు చెల్లదు! జనం దాన్ని పశువుల కట్లు విప్పే ఉత్తర్వన్నారు. మరుసటేడే ఆ ఇళ్లు ‘కషిజషికి’గా, అంటే అద్దె గదులుగా, మళ్లీ తెరుచుకున్నాయి. ఆమె ఇష్టపడి గది అద్దెకు తీసుకుందని లెక్క. అప్పు మాత్రం అలాగే ఉంది.

1946లో ఈ ఇళ్ల లైసెన్సులు పోయాక ఆ పేటలను ‘అకసెన్’ అన్నారు. ఎర్ర గీత. ‘రెడ్ లైట్’ అనే ఇంగ్లీషు మాటలోని దీపం కాదు, పోలీసు మ్యాపులో గీత! 1956 వ్యభిచార నిరోధక చట్టంలోని శిక్షలు 1958 ఏప్రిల్ 1న అమలయ్యాక ఆ గీతా పోయింది.

అనువాదంలో నేను కషిజషికి దగ్గరే ఇరుక్కున్నాను. ‘అద్దె గది’ అని రాసి కొట్టేశాను. ‘వేశ్యాగృహం’ అంటే ఆ పేరులోని దొంగతనం కనిపించదు. మళ్లీ ‘అద్దె గదే’ రాశాను.