ఆర్ల్ ఆంఫిథియేటర్‌లో ఎద్దుల వధ ఇంకా ఎందుకు?

పాతచిట్టా: దక్షిణ ఫ్రాన్స్‌లోని ఆర్ల్‌లో రోమన్లు క్రీ.శ. 90 ప్రాంతంలో కట్టిన ఆంఫిథియేటర్ (చుట్టూ మెట్ల వరుసలున్న క్రీడా బరి) ఉంది. ఇరవై వేల మంది పట్టేది. ఈస్టర్ వేడుకల్లో, సెప్టెంబరులో జరిగే వరి పండుగలో అక్కడ ఇప్పటికీ ఎద్దులను కత్తితో పొడిచి చంపుతున్నారు. 1981లో యునెస్కో జాబితాకెక్కిన కట్టడంలో ఇదేం పని?

రాతిగోడ: కట్టిందే అందుకు కదా! గ్లాడియేటర్లను, మృగాలను దించిన బరి అది. రెండు వేల ఏళ్ల ఆచారం.

పాతచిట్టా: రెండు వేల ఏళ్లా? రోమ్ పడిపోయాక జనం లోపల చేరి దాన్ని కోటగా మార్చుకున్నారు. బరి నిండా రెండు వందలకు పైగా ఇళ్లు, రెండు ప్రార్థనాలయాలు. కాపలా బురుజులు ఇప్పటికీ మూడు నిలిచే ఉన్నాయి. ఆ ఇళ్లు పీకేశాక 1830లో ఎద్దుల ఆట పెట్టారు. ఎద్దును చంపే స్పెయిన్ పద్ధతి ఆట, కొరిడా, ఫ్రాన్స్‌లో అడుగుపెట్టింది 1853లో. మధ్యలో వందల ఏళ్లు అక్కడ వంటలు వండుకున్నారు!

నిశాచరుడు: ఆర్ల్ పక్కనున్న కామార్గ్ ప్రాంతపు ఎద్దుల ఆటను ఇందులో కలపకండి. అందులో తెల్లబట్టల కుర్రాళ్లు కొమ్ములకు కట్టిన ముడులు లాగుతారంతే. ఎద్దు చావదు, పైగా పోస్టర్‌లో దాని పేరే పెద్దది.

రాతిగోడ: ఎడతెగని స్థానిక ఆచారం ఉన్నచోట జంతుహింస నేరం నుంచి అక్కడి శిక్షాస్మృతే ఎద్దుల ఆటకు మినహాయింపు ఇచ్చింది. 2012లో చట్టాలు రాజ్యాంగబద్ధమో కాదో తేల్చే ఫ్రాన్స్ రాజ్యాంగ మండలి కూడా తప్పులేదంది. 1830 నుంచి లెక్కేసినా చాలదా?

పాతచిట్టా: ఇందాక రెండు వేలన్నారు. ఇప్పుడు రెండు వందలకు దిగారు.

రాతిగోడ: లెక్కలు మీరే వేసుకోండి. మా తాతగారి ఇల్లు ఒక కోటగోడను ఆనుకుని ఉండేది. కట్టడాన్ని కాపాడాలని ఖాళీ చేయించారు. ఇప్పుడక్కడ పచ్చగడ్డి, టికెట్ల కిటికీ. ఖాళీ చేసి చూపించే రాళ్లంటే నాకు ఒళ్లు మంట. ఆర్ల్‌లో కనీసం ఊరివాళ్లు లోపలికి వస్తున్నారు.

వానచినుకు: అసలు గొడవ ఎద్దుది కాదన్నమాట.

పాతచిట్టా: మీరు వెనకేసుకొస్తున్న ఆటకు చోటు దొరికిందే అలాంటి ఇళ్లు కూల్చాక!

రాతిగోడ: కూల్చినవాళ్లను నేను మెచ్చుకోలేదు. ఇక ఆ జాగా ఎవరిది? టికెట్టు కొని ఫొటో తీసుకునే మనదా, ఆ ఊరివాళ్లదా?

పాతచిట్టా: కొరిడా వద్దనే ఆర్ల్ వాసులూ ఉన్నారు. వాళ్లు మీ దృష్టిలో ఏ ఊరివాళ్లు?